బత్తాయి పట్టేంత అబ్బురం

నా ముఖం గురించి ముందే చెప్పేస్తే మంచిది. తరవాత జరిగిన గొడవంతా దానివల్లే.

ముప్పై నాలుగేళ్ళు రైల్వే స్టేషన్లో ఎంక్వైరీ కిటికీ వెనక కూర్చున్నాను. రైలు ఎప్పుడొస్తుందని రోజుకు నాలుగైదు వందలమంది అడిగేవారు. రెండు గంటలు లేటని చెప్పేవాణ్ణి. కొందరు తిట్టేవారు, కొందరు ఏడ్చేవారు, ఒకాయన ఊచల్లోంచి గొడుగు దూర్చి పొడిచాడు కూడా. దేనికీ కనుబొమ కదపకూడదు. కదిపితే ఆశ పెట్టుకుంటారు. అలా అలా నా ముఖం ఒక పద్ధతికి వచ్చి అక్కడే ఆగిపోయింది. మా అమ్మాయి పుట్టిందని నర్సమ్మ పరిగెత్తుకొచ్చి చెబితే "ఏ వార్డు?" అని మాత్రం అడిగానట. నా భార్య సుభాషిణి ఈ సంగతి ఇప్పటికీ పెళ్ళిళ్ళలో, పేరంటాల్లో చెబుతూనే ఉంటుంది.

ఇలాంటి ముఖం వేసుకుని, అబ్బురపడితేగాని ఎక్కనివ్వని బండి ఎక్కడానికి రేవుకొండ వెళ్ళాను. ఎవరికి చెప్పుకోను?

రేవుకొండలో నూరేళ్ళ నాటి తాడుబండి ఉంది. రోడ్డు మధ్యలో సన్నటి గాడి, గాడి కింద పొద్దస్తమానం పరుగెత్తే ఇనపతాడు. డ్రైవరు మీట లాగితే బండి ఆ తాడును పట్టుకుని కొండెక్కుతుంది, వదిలితే ఆగుతుంది. పక్కలకు గోడలుండవు. చెక్కబెంచీలు, ఇత్తడి కమ్మీలు, నిలబడి వేలాడ్డానికి బయట ఒక ఫుట్‌బోర్డు. ముప్పై ఆరేళ్ళ కిందట, పెళ్ళయిన మూడో నెలలో, ఓ బంధువుల పెళ్ళికి ఆ ఊరు వెళ్ళాం. తిరుగు ప్రయాణం రోజున ఒక్కసారి ఆ ఫుట్‌బోర్డు మీద నిలబడి కొండెక్కుదామని సుభాషిణి అడిగింది. తాడు లాగితే పెట్టె పైకొస్తుంది, అందులో చూసేదేముంది, రైలుకు టైమైందన్నాను. తీరా స్టేషనుకు పోతే రైలు రెండు గంటలు లేటు. ఆ రెండు గంటలూ ప్లాట్‌ఫారం బెంచీ మీద కూర్చున్నాం. అక్కడినుంచి కొండ మీదికి పోయే తాడుబండి బాగా కనిపిస్తుంది. అది పదకొండుసార్లు ఎక్కి దిగింది. సుభాషిణి లెక్కపెట్టింది. ఆ తరవాత ఆ మాట మళ్ళీ ఎత్తలేదు.

ఈ సంవత్సరం ఎత్తింది. మోకాళ్ళు పోయేలోగా ఒక్కసారి ఇద్దరం ఆ బండెక్కాలంది. శుక్రవారం ఉదయం దిగాం. ఆదివారం సాయంత్రం నాలుగింటికి తిరుగు రైలు.

కింది స్టాపు దగ్గర క్యూ ఉంది. అది బండికి అనుకున్నాను, కాదు. తాడుబండి వారసత్వ ప్రాధికార సంస్థ వారి విస్మయ నిర్ధారణ కేంద్రానికట. గోడమీద నియమావళి రాసి ఉంది. "సందర్శకుడనగా, చూచి అబ్బురపడువాడు. అబ్బురపడనివాడు స్థానికుడు. స్థానికులకు వారసత్వ వాహనమందు ప్రవేశము లేదు."

ఈ నియమం ఎలా పుట్టిందో క్యూలో వాళ్ళే చెప్పారు. సంస్థవారు తొమ్మిదిమంది, ఇలాంటి బండ్లే ఉన్న ఏదో విదేశీ నగరానికి అధ్యయనం కోసం వెళ్ళారు. అక్కడ బండినిండా నోళ్ళు తెరుచుకున్న మనుషులు కనిపించారు. తిరిగొచ్చి ఇక్కడి బండి చూస్తే ఒకావిడ వెల్లుల్లి వలుస్తోంది, ఒక మాస్టారు పేపర్లు దిద్దుతున్నాడు, మిగతావాళ్ళు కునుకు తీస్తున్నారు. రెండు బండ్లకూ తాడు అదే, చక్రాలు అవే. కాబట్టి లోపం ముఖాల్లో ఉందని నూట నలభై పేజీల నివేదిక ఇచ్చారు. వెంటనే ముఖాల్ని సరిచేసే పని మొదలైంది. బండిలో ఉన్నవాళ్ళందరూ అబ్బురపడాలంటే డ్రైవరు కూడా అందులో ఉన్నవాడే గనక అతనికీ పరీక్ష పెట్టారు. పాపం, పాతికేళ్ళ సర్వీసున్నవాడు, ఇప్పుడు నోరు తెరుచుకుని మీట లాగుతున్నాడు. రోజూ రెండు మూడు దోమలు లోపలికి పోతున్నాయట.

పరీక్ష నడిపేది డిప్యూటీ డైరెక్టరు దండిభొట్లగారు. గదిలో ఒక కుర్చీ, ఎదురుగా గుళ్ళో వేసినట్టు తెర. గంట కొట్టి తెర తీస్తారు. కిటికీలోంచి కొండ, దానిమీద పాకుతున్న బండి, వెనకాల సముద్రం ఒక్కసారిగా కనిపిస్తాయి. ఆ క్షణంలో దర్జీ టేపుతో కనుబొమల ఎత్తు కొలుస్తారు. పన్నెండు మిల్లీమీటర్లు లేవాలి. నోరు ప్రామాణిక నిమ్మకాయ పట్టేంత తెరుచుకోవాలి. ఆ నిమ్మకాయ గాజుపెట్టెలో ఉంటుంది, తాళం వేరే ఆయన దగ్గర ఉంటుంది. దాన్ని నోటిముందు పట్టుకుని చూస్తారంతే. మొదట్లో నోట్లోనే పెట్టేవారట, ఎవరో ఆకలిమీద ఉన్నాయన కొరికేశాడు.

సుభాషిణి నాకంటే ముందు వెళ్ళింది. తెర తీయగానే "అబ్బ!" అంది. పద్నాలుగు మిల్లీమీటర్లు. ముప్పై ఆరేళ్ళు దాచుకున్నది కదా, వస్తుంది మరి.

తరవాత నేను. గంట కొట్టారు, తెర తీశారు. సముద్రం ఉంది. ఉంటుందని తెలుసు. దండిభొట్లగారు టేపు పెట్టి చూశారు, కళ్ళద్దాలు తుడుచుకుని మళ్ళీ పెట్టి చూశారు. చివరికి సున్నా అని రాయించారు.

"అభ్యర్థి వదనమందు విస్మయము ఉత్పన్నమైనట్లు ధ్రువపడలేదు. తమరు స్థానికులు."

ఈ ఊరు రావడం జన్మలో ఇది రెండోసారని చెప్పి ఆధార్ కార్డు చూపించాను. ఆయన దాన్ని చాలా మర్యాదగా తిరిగి ఇచ్చారు. "ఆధార్ నివాసమునకు రుజువండీ, విస్మయమునకు కాదు. సందర్శనకు మూడు అవకాశములు గలవు. రేపు ప్రయత్నించుడు."

సుభాషిణిని ఒక్కదాన్నే వెళ్ళి రమ్మన్నాను. ఆవిడ పాసు కాగితం మడిచి పర్సులో పెట్టుకుంది. "ఒక్కదాన్నే ఎక్కేదాన్నయితే అప్పుడే ఎక్కేదాన్ని" అంది. ఇక నోరెత్తలేదు. ఆవిడ అరిస్తే నాకు ఏ బాధా లేదు, ఎంక్వైరీలో చాలా విన్నాను. ఊరుకుంటేనే కష్టం.

బయట అరుగుమీద కూర్చున్నాం. నల్లకళ్ళజోడు, ఎండటోపీ పెట్టుకున్న ఒకావిడ చక్రాల సూట్‌కేసు ఈడ్చుకుంటూ వచ్చి పక్కన కూర్చుంది. సూట్‌కేసులోంచి చేపల వాసన. ఆవిడ పేరు ఎర్నమ్మ. ఇరవై రెండేళ్ళుగా రోజూ ఇదే బండిలో చేపలబుట్టతో కొండమీది పేటకు వెళ్ళి అమ్ముకుంటోంది. నియమం వచ్చాక బుట్ట పోయి సూట్‌కేసు వచ్చింది. రోజూ పొద్దున్నే వచ్చి, ఈ ఊరు ఎప్పుడూ చూడనిదానిలా పరీక్షకు కూర్చుంటుంది. పందొమ్మిది మిల్లీమీటర్లు, ఈ కేంద్రంలో ఆవిడదే రికార్డు.

"ఏం సేత్తాం బావూ. మెట్లు ఏడొందలున్నాయి. ఎక్కేతలికి సేపలు పాడైపోతాయి" అంది.

అప్పుడు క్యూ వంక సరిగ్గా చూశాను. అందరూ స్థానికులే. మెడలో కెమెరాలు, చేతుల్లో ఊరి మ్యాపులు. వెల్లుల్లి వలిచే ఆవిడ టోపీ కింద వలుస్తోంది. పేపర్లు దిద్దే మాస్టారు పూలచొక్కా వేసుకుని, తను పుట్టిన వీధికి దారెటని పక్కవాణ్ణి అడిగి ప్రాక్టీసు చేస్తున్నాడు. అసలు సందర్శకులు నలుగురో అయిదుగురో ఉన్నారు. వాళ్ళు బయల్దేరకముందే ఫోన్లో అంతా చూసేసి వచ్చారు. తెర తీస్తే "ఆ, ఇదే కదా" అని తల ఊపుతున్నారు. వాళ్ళను స్థానికులుగా నిర్ధారించి మెట్లవైపు పంపేస్తున్నారు.

పరీక్ష ఉందంటే మనవాళ్ళు కోచింగ్ పెట్టకుండా ఉంటారా? స్టాపు ఎదురుగానే అబ్బుర అకాడమీ ఉంది. నాలుగంతస్తుల మేడంత హోర్డింగు, దానినిండా నోళ్ళు తెరిచిన టాపర్ల ఫోటోలు. 1, 1, 1, 2, 2, 1. ఎర్నమ్మ ఫోటో మధ్యలో ఉంది. ఆవిడ అక్కడ ఒక్కరోజు కూడా చదువుకోలేదట, చేపలు కొంటామని పిలిచి ఫోటో తీసుకున్నారట. లాంగ్ టర్మ్ బ్యాచి, షార్ట్ టర్మ్ బ్యాచి, ఒక్కపూట క్రాష్ కోర్సు. నన్ను క్రాష్ కోర్సులో కూర్చోబెట్టారు. ఎడమ కనుబొమకు ఒక లెక్చరరు, కుడి కనుబొమకు ఒక లెక్చరరు. ఇద్దరికీ ఒకరంటే ఒకరికి పడదు. నోటి లెక్చరరు సెలవులో ఉన్నాడు, మెటీరియల్ ఇచ్చారు. "అ" అనవలెను, "ఆ" అనరాదు, "ఆహా" అనుట అతి విస్మయము, నెగటివ్ మార్కు కలదు. ఆ పూటంతా నేర్పించి, చివరికి కుడివైపాయన నా ముఖం పట్టుకుని అటూ ఇటూ తిప్పి చూసి, లాంగ్ టర్మ్‌లో చేరమని సలహా ఇచ్చాడు.

శనివారం రెండో పరీక్ష. తెర తీయగానే మెటీరియల్లో చెప్పినట్టు నోరు తెరిచాను. నిమ్మకాయ పట్టింది. కనుబొమలు మాత్రం ఎక్కడ వేసిన గొంగళి అక్కడే. నోరొక్కటే తెరుచుకుని మిగతా ముఖం కదలకపోతే దాన్నేమంటారు? దండిభొట్లగారు కలం దించి లేచి నిలబడ్డారు.

"ఇది ఆవలింత. వారసత్వ సంపద సమక్షమందు ఆవలించుట తీవ్రముగా పరిగణించబడును."

హెచ్చరిక మెమో ఇచ్చారు. ముప్పై నాలుగేళ్ళ ఉద్యోగంలో ఒక్క మెమో లేనివాణ్ణి, రిటైరయ్యాక తీసుకున్నాను. సుభాషిణి దాన్ని కూడా మడిచి పర్సులో పెట్టుకుంది.

ఇక మిగిలింది ఆదివారం. ఆదివారం మీద ఊరంతటికీ గొప్ప నమ్మకం. ప్రామాణిక నిమ్మకాయను సోమవారం మారుస్తారు. ఆరు రోజులు గాజుపెట్టెలో ఉండి ఆదివారానికి ఉసిరికాయంత అవుతుంది, కటాఫ్ బాగా తగ్గుతుంది. ఆదివారం స్లాటు కోసం జనం పైరవీలు కూడా చేస్తారట. దొరికింది గదా అని నేనూ సంబరపడ్డాను. లోపలే అనుకోండి, బయటికి ఏమీ తెలియదు.

ఆ సాయంత్రమే నోటీసు బోర్డులో సర్క్యులరు పడింది. నూటికి తొంభై ఆరుగురు ఉత్తీర్ణులవుతున్నందున ప్రమాణములు సడలినవని సంస్థ భావించినది. రేపటినుండి నిమ్మకాయ స్థానమందు బత్తాయి. పైగా ఒకసారి కొండెక్కినవాడు అంతా చూచినవాడగును గనక దిగునప్పుడు సందర్శకుడు కాడు, దిగుటకు మెట్లు వాడవలెను. బండి ఖాళీగా కిందికి వస్తుందన్నమాట. ఊళ్ళోవాళ్ళు నోటీసు చదివి, నిట్టూర్చి, తిన్నగా బజారుకు పోయి తలొక బత్తాయి కొనుక్కుని ప్రాక్టీసుకు కూర్చున్నారు.

ఎర్నమ్మ నామీద జాలిపడి తన గుట్టు చెప్పింది. అది అకాడమీ వాళ్ళకు కూడా చెప్పలేదట.

"సముద్రాన్ని సూత్తే నోరు తెరుసుకోదు బావూ. రోజూ సూసేదే కదా. నానైతే మా కోడలు తెల్లారగట్ట లేచి, ఊడ్చి, నాకు టీ ఎట్టినట్టు తలుసుకుంటాను. నోరు దానంతటదే తెరుసుకుంటాది. నీకూ ఏది జరగనే జరగదో అది తలుసుకో."

రాత్రి పడుకునేముందు ప్రయత్నించాను. రైలు టైముకంటే ముందు వచ్చినట్టు ఊహించుకోబోయాను. రాలేదు. ఎంక్వైరీ మనిషి అలాంటివి ఊహించలేడు. ఊహించుకున్న రైలు కూడా నలభై నిమిషాలు లేటుగానే వచ్చింది.

ఆదివారం మధ్యాహ్నం ఒకటీ నలభైకి నా వంతు. సంచీలు సర్దుకుని, లాడ్జి ఖాళీ చేసి వచ్చేశాం. పాసయితే బండెక్కి, మెట్లు దిగి, నాలుగింటి రైలు అందుకోవచ్చు. సుభాషిణి గుమ్మం దగ్గర సంచీతో నిలబడింది. చెప్పొద్దూ, నాకు భయం వేసింది. నా ముఖం వల్ల నాకెప్పుడూ ఏ నష్టం కలగలేదు. నష్టమంతా ఆవిడకే. కూతురు పుట్టినా, ఆవిడ కొత్తచీర కట్టుకున్నా, పులిహోర అద్భుతంగా కుదిరినా ఈ ముఖమే చూస్తూ గడిపింది. ఇప్పుడు ఒక్క కోరిక కోరితే దానికీ ఇదే అడ్డం.

గంట కొట్టారు. తెర తీశారు. సముద్రం, కొండ, బండి. కనుబొమలకు ఎంత చెప్పినా గోడకు చెప్పినట్టే ఉంది. దండిభొట్లగారు బత్తాయి పట్టుకుని నిట్టూర్చారు. అంతలో జేబులో ఫోను టింగుమంది. రైల్వే మెసేజి. ఆ చప్పుడు వింటే చూడకుండా ఉండలేను, వృత్తి అలాంటిది. తీసి చదివాను.

"నాలుగు గంటలకు బయలుదేరవలసిన మీ రైలు, నేడు రెండున్నరకే బయలుదేరును."

మరోసారి చదివాను. కళ్ళద్దాలు పెట్టుకుని మరోసారి చదివాను. గంటన్నర ముందు! లేటు కాదు, ముందు! ముప్పై నాలుగేళ్ళలో, ఎన్ని లక్షలమందికి జవాబు చెప్పానో, ఒక్కరికి కూడా ఈ ముక్క చెప్పే భాగ్యం కలగలేదు. లోపల ఎక్కడో తుప్పుపట్టిన మీట ఒకటి కదిలినట్టయింది. కనుబొమలు లేచాయి. ఎక్కడిదాకా పోతున్నాయో నాకే తెలియలేదు. నోరు తెరుచుకుంది.

"కదలకండి!" అని దండిభొట్లగారు కేకపెట్టి టేపు తీశారు. ఇరవై ఆరు మిల్లీమీటర్లు. బత్తాయి పట్టింది, పక్కన నిమ్మకాయకు కూడా చోటుంది.

"సంస్థ ఆవిర్భవించినది మొదలు ఇంతటి స్వచ్ఛమైన విస్మయము నమోదు కాలేదు. తమరు అసలైన సందర్శకులు" అని పాసుమీద ముద్ర వేసి రెండు చేతులతో ఇచ్చారు.

గుమ్మం దగ్గర సుభాషిణికి ముందు పాసు చూపించాను, తరవాత ఫోను. ఆవిడ రెండూ చదివింది. స్టేషనుకు ఆటోలో ఇరవై నిమిషాలు. బండి కోసం ఆగి, ఎక్కి, పైకి చేరడానికి ముప్పావుగంట, ఏడొందల మెట్లు దిగడానికి గంట. ఎవరికీ చెప్పక్కర్లేని లెక్క. ఆవిడ సంచీ భుజానికి తగిలించుకుంది.

"పదండి. రైలుకు టైమైంది" అంది.

అది నా మాటే. ముప్పై ఆరేళ్ళ కిందట నేనన్న మాట. ఎత్తిపొడుపుగా కూడా అనలేదు, మామూలుగా అంది. ఆవిడ ముఖం చూశాను. ఆ ముఖం నాకు తెలుసు. ప్లాట్‌ఫారం బెంచీ మీద రెండు గంటలు నా పక్కనే ఉంది, అప్పుడు నేను రైలు వచ్చే వైపు చూస్తూ కూర్చున్నాను.

"రైలు పోనీ" అన్నాను.

"ఏమిటీ?"

"పోనీ సుభా. మనం బండెక్కుదాం."

ఆవిడ సంచీ తీసి, బండి కోసం ఆగి ఉన్న ఎర్నమ్మ సూట్‌కేసు మీద పెట్టింది. కొంగు నడుముకు బిగించింది. మా వంతు రాగానే ఇత్తడి కమ్మీ పట్టుకుని ఫుట్‌బోర్డు మీదికి ఎక్కింది. పక్కనే నేనూ ఎక్కాను. డ్రైవరు నోరు తెరుచుకుని మీట లాగాడు. కాళ్ళకింద ఎక్కడో తాడు బిగుసుకుంది, బండి చిన్నగా ఒణికి కొండెక్కడం మొదలుపెట్టింది.

గాలి బాగా వీచింది. మలుపు దగ్గర ఊరంతా కిందికి జారి, ఓడరేవు, క్రేన్లు, ఆ పక్కన స్టేషను కనిపించాయి. సరిగ్గా రెండున్నర. మా రైలు కూత వేసి, ఒక్క నిమిషం కూడా ఆలస్యం చేయకుండా, మేం లేకుండా వెళ్ళిపోయింది. చివరి పెట్టె దాకా చూశాను. పక్కన సుభాషిణి భుజం నా భుజానికి ఆనుకుని ఉంది.

ఆ మలుపులోనే ప్రయాణ విస్మయ పర్యవేక్షకుడు తనిఖీకి వచ్చాడు. ఎక్కినవాళ్ళు ఎక్కాక కూడా అబ్బురపడుతున్నారో లేదో చూడటం అతని డ్యూటీ. వెల్లుల్లి ఆవిడను చూశాడు, ఎర్నమ్మను చూశాడు, టిక్కులు పెట్టుకున్నాడు. సుభాషిణి దగ్గరికి వచ్చి ఆగిపోయాడు. ఆవిడ నోరు తెరుచుకునే ఉంది. కళ్ళు ఇంతింతలు చేసుకుని చూస్తోంది. కాకపోతే సముద్రం ఇటుంటే ఆవిడ అటు తిరిగి, నా ముఖంలోకి చూస్తోంది.

"అమ్మా, వీక్షణస్థలం కుడివైపునండీ. విస్మయము సముద్రాభిముఖంగా ఉండవలెను" అన్నాడు.

ఆవిడ చూపు తిప్పలేదు.

"సముద్రానిదేముంది బాబూ, అది ఎక్కడికీ పోదు" అంది. "ఈయన రైలు వదిలేసుకున్నారు."

అతను చాలాసేపు నియమావళి తిరగేశాడు. ఇలాంటిదానికి అందులో ఏమీ లేనట్టుంది. చివరికి రిమార్కుల కాలంలో ఏదో రాసి, సంతకం పెట్టి, ఆ చీటీ ఆవిడ చేతికిచ్చి ముందుకు పోయాడు.

ఆ చీటీ ఇప్పుడు మా హాల్లో, నా రిటైర్మెంటు ఫోటో పక్కన, ఫ్రేములో ఉంది. "విస్మయము కలదు. దిశ తప్పు."